గడీ లోపలి నుంచి ఒక చూపు
(పాలంపేటలో చేసిన ఉపన్యాసం)



రామప్ప గుడి పక్కన కూర్చుని సినిమా ముచ్చట ఏమిటని కొందరికి అనిపించవచ్చు. 1213 నాటి శాసనం ఈ గుడి కట్టించిన రేచర్ల రుద్రుడి పేరు చెబుతుంది. జనం మాత్రం శిల్పి పేరుతోనే పిలుచుకుంటున్నారు. సినిమా దగ్గరికొచ్చేసరికి ఈ మర్యాద మరిచిపోతాం. ‘మా భూమి’లో గద్దర్ గొంగడేసుకుని పాడిన పాట ఇక్కడ అందరికీ తెలుసు. ఆ సినిమా వెనకున్నదెవరని అడిగితే ఎన్ని చేతులు లేస్తాయో!

బి. నర్సింగరావు. 1946లో గజ్వేల్ దగ్గరి ప్రజ్ఞాపూర్‌లో, భూస్వామ్య కుటుంబంలో పుట్టారు. చిత్రకారుడు, కవి. కిషన్ చందర్ ఉర్దూ నవల ఆధారంగా తీసిన ‘మా భూమి’కి దర్శకుడు బెంగాలీ అయిన గౌతమ్ ఘోష్. జి. రవీంద్రనాథ్‌తో కలిసి నిర్మాతగా నిలబడింది నర్సింగరావు. 1983లో ‘రంగుల కల’ తానే తీసి, అందులో చిత్రకారుడి వేషమూ తానే కట్టారు. దానికి ఉత్తమ తెలుగు చిత్రంగా జాతీయ అవార్డు వచ్చింది.

నన్ను వదలనిది మాత్రం ఆయన 1988లో తీసిన ‘దాసి’. పెళ్లికూతురి వెంట అరణంగా ఆడపిల్లను పంపడం మన దొరల ఇళ్లలో ఒకప్పటి ఆచారం. ఆ పిల్లను ఆడబాప అనేవాళ్లు. అట్లా దొర ఇల్లయిన గడీకి చేరిన కమలాక్షి కథ ఇది. పగలు చాకిరీ, రాత్రి దొర పిలుపు. కడుపొస్తే తీయించుకొమ్మని హుకుం. ఇంత దుఃఖానికి మరొకరైతే రెండు పాటలు, నాలుగు కేకలు పెట్టేవారు. ఈయన పాటలే పెట్టలేదు, మాటలూ పొదుపే. కెమెరా ఆమె పనినే చూస్తూ ఉంటుంది. బయటివాడు తీస్తే దొర రాక్షసుడయ్యేవాడు. లోపల పెరిగినవాడు తీశాడు కనుక గడీలో క్రూరత్వం రోజువారీ అలవాటులా, మామూలుగా కనిపిస్తుంది. అదే ఎక్కువ భయపెడుతుంది.

ఆ సినిమాకు అయిదు జాతీయ అవార్డులు. ఉత్తమ తెలుగు చిత్రం, నటి అర్చన, ఛాయాగ్రాహకుడు ఎ.కె. బీర్, కళాదర్శకుడు తోట వైకుంఠం, దుస్తులకు సుదర్శన్. వైకుంఠం అంటే బొమ్మలు గీసే వైకుంఠమే! ఆ తర్వాత నర్సింగరావు 1990లో తీసిన ‘మట్టి మనుషులు’ నగరానికి వలసపోయిన కూలీల బతుకు.

తీసినవి కొన్నేనని, నెమ్మదిగా నడుస్తాయని ఆక్షేపిస్తారు. నెమ్మది నిజమే. కానీ చాకిరీ చేసేవాళ్ల రోజు నెమ్మదిగానే గడుస్తుంది, దాన్ని కత్తిరిస్తే అబద్ధమవుతుంది. తెలంగాణ పల్లెను ఇంత నిజాయితీగా చూపిన తెలుగు దర్శకుడు నా లెక్కలో మరొకరు లేరు.

కాలేజీ అధ్యాపకులకు ఒక్క విన్నపం. ఈ ఏడాది ములుగులో పిల్లలందరినీ కూర్చోబెట్టి ‘దాసి’ తెర మీద వేయండి. తర్వాత వాళ్ల నానమ్మలను ఆడబాపల గురించి అడిగి రాసుకురమ్మనండి.