తిమ్మన్న యను పేరు

(పాఠశాల వార్షికోత్సవమున తల్లిదండ్రుల సభలో ప్రధానోపాధ్యాయులు చేసిన ఉపన్యాసము)



ఈ దినమున నేను ఒక్క పేరును గూర్చి నాలుగు మాటలు చెప్పదలచితిని. ఆ పేరు తిమ్మన్న. తిమ్మయ్య, తిమ్మప్ప, తిమ్మరాజు, తిమ్మక్క, తిమ్మమ్మ అనునవి దాని రూపభేదములు. ఇవి మన రాయచూరు సీమలో ఎవరికిని క్రొత్తవి కావు.

బడిలో చేర్చుకొను దినములలో కొందరు తల్లిదండ్రులు వచ్చి, "అయ్యా, ఇంటిలో తాతగారి పేరు పెట్టుకొంటిమి, బడి పుస్తకములో మాత్రము వేరొక పేరు వ్రాయుడు" అని కోరుదురు. కారణమడిగినచో, "తోడి పిల్లలు నవ్వుదురు" అందురు. ఇది తేలికగా త్రోసివేయదగిన మాట కాదు. ఎనిమిదేండ్ల బాలుడు హాజరు పిలుచునపుడు తన పేరు విని తల వంచుకొనెనేని, ఆ పేరుగల తాతయు, ఆ తాత మాటలాడిన భాషయు వాని కంటికి చులకనగనే తోచును. కావున ఆ నవ్వులో న్యాయమెంతయో విచారింతము.

తిమ్మ యనగా కోతి యని తెలుగు నిఘంటువులలో ఒక అర్థము కలదు. పిల్లలు నవ్వుట దానిని బట్టియే. అయినను మనము హనుమంతుని కొలుచువారము. ఆంజనేయుని జన్మస్థలమని భక్తులు సేవించు అంజనాద్రి ఆనెగొంది చెంత నున్నది. ఆ గంగావతి తాలూకా 1997లో కొప్పళ జిల్లా ఏర్పడువరకు మన రాయచూరు జిల్లాలోనిదే. ఆ కొండను చూచి చేతులు జోడించువారికి కోతి యను అర్థము సిగ్గు కలిగింపరాదు.

ఈ పేరునకు మరియొక మూలమును పండితులు చెప్పుదురు. తిరుమల యను మాటయే జనుల నోట నలిగి తిమ్మ యైనదని వారి అభిప్రాయము. కన్నడిగులు నేటికిని తిరుపతి వేంకటేశ్వరుని "తిరుపతి తిమ్మప్ప" యనియే పిలుతురు. వేంకటేశ్వర్లు అను పేరునకు ఎంత గౌరవమో తిమ్మప్ప యను పేరునకును అంత గౌరవమే చెల్లవలెను. ఒకటి సంస్కృతపు నోటను, మరియొకటి పల్లె నోటను పలుకబడినవి, అంతియే భేదము.

ఇక చరిత్రను చూతము. 1520లో శ్రీకృష్ణదేవరాయలు బిజాపురపు ఇస్మాయిల్ ఆదిల్ షాను ఓడించి మన రాయచూరు కోటను గైకొనెను. ఆ రాయలకు మహామంత్రి సాళువ తిమ్మరుసు. రాయలు ఆయనను "అప్పాజీ" యని పిలిచెడివాడని ప్రసిద్ధి. ఆ మంత్రి పేరునే పరికింపుడు: తిమ్మ యను పేరునకు రాజను అర్థముగల కన్నడపు "అరసు" చేరి తిమ్మరసు, అదియే తెలుగున తిమ్మరుసు.

అంతకంటె వింత యొకటి కలదు. ఆ రాయల ఆశ్రయమున తిమ్మన్న లిద్దరు కవులుండిరి. ఒకరు పారిజాతాపహరణ ప్రబంధమును తెలుగున రచించి రాయలకు అంకితమిచ్చిన నంది తిమ్మన. ఇంటిపేరు నంది యైనను లోకము ఆయనను ముక్కు తిమ్మన యనియే ఎరుగును. రెండవ వారు, కుమారవ్యాసుడు పది పర్వములతో విడిచిన కన్నడ భారతమును రాయల ప్రోత్సాహమున పూరించిన తిమ్మణ్ణ కవి. కొలువొకటే, పేరొకటే, భాషలు రెండు. మన బాలుడు ఇంట తెలుగును వీధిలో కన్నడమును పలుకుచున్నాడు గదా! వాని పేరు ఐదువందల యేండ్ల క్రిందటనే ఆ రెండు భాషలను కలిపి నడచినది.

స్త్రీలలోను ఈ పేరు వెలసినది. తాళ్లపాక అన్నమాచార్యుల భార్య తిమ్మక్క. సుభద్రాకల్యాణమును రచించిన ఆమెను తెలుగు కవయిత్రులలో మొదటిదానినిగా గణింతురు. మన కాలమున, హులికల్లు నుండి కుదూరునకు పోవు బాట వెంట మర్రి మొక్కలు నాటి, నీరు మోసి పెంచిన "సాలుమరద" తిమ్మక్క చదువుకొన్నది కాదు. 2019లో భారత ప్రభుత్వము ఆమెకు పద్మశ్రీ నిచ్చి గౌరవించినది. ఇక డి.వి. గుండప్పగారు 1943లో ప్రకటించిన కన్నడ కావ్యము "మంకుతిమ్మన కగ్గ". మంకుతిమ్మ యనగా మందబుద్ధియగు తిమ్మడు. లోకము నవ్వు పేరునే గ్రహించి, ఆ తిమ్మని నోటనే ఆ కవి జీవిత సత్యములను పలికించెను.

పేరు చివరనున్న మాటలును ఊరక చేరినవి కావు. అన్న, అయ్య, అప్ప, అక్క, అమ్మ – ఇవన్నియు బంధుత్వమును తెలుపునవి. తిక్కన, పోతన, పెద్దన అను కవుల నామముల చివరనున్న "న"కారము ఈ "అన్న"యే. మన పూర్వులు పసిబిడ్డకు పేరిడునాడే వానిని ఊరివారందరికి అన్ననో అయ్యనో చేసిరి. చిన్నవానిని సైతము గౌరవముగా పిలుచుటకు ఇంతకంటె సులభమైన ఉపాయమేమి కలదు?

1956 నవంబరు 1వ తేదీన రాష్ట్రముల పునర్విభజన జరిగినపుడు మన జిల్లా నాటి మైసూరు రాష్ట్రమున చేరినది. అంతవరకు ఈ జిల్లాలో నుండిన గద్వాల, ఆలంపురము తాలూకాలు తెలుగు నాటికి పోయినవి. ఎల్లలు మారినను ఈ పేరు ఇరువైపుల నిలిచియే యున్నది. అల్పసంఖ్యాక భాషలవారు విద్యాసంస్థలు స్థాపించి నడుపుకొను హక్కును మన రాజ్యాంగపు 30వ అధికరణము ప్రసాదించినది. దాని యండన పాఠశాల నిలుచును. పేరును నిలుపు భారము మాత్రము ఇంటివారిదే.

పేరు మార్చరాదని నేను శాసించుటకు రాలేదు. బిడ్డ మీది, పేరును మీదే. మూడు విన్నపములు మాత్రము చేయుచున్నాను. మొదటిది: మార్చుటకు ముందు ఆ పేరు ఎవరిదో, దాని అర్థమేమో బిడ్డకు చెప్పుడు. క్రొత్త పేరు కావలెనన్నచో తాత పేరును తీసివేయక దాని ప్రక్కన చేర్చుడు. రెండవది: ఇంటిపేరును ఒక్క పొడి అక్షరముగా కుదించి మరచిపోకుడు, మీ వంశము ఏ యూరినుండి వచ్చినదో పెక్కుమారులు ఇంటిపేరే చెప్పును. మూడవది: పేరును అన్ని పత్రములలో ఒకే రీతిగా వ్రాయింపుడు. 2023 అక్టోబరు 1వ తేదీ మొదలు పుట్టిన బిడ్డలకు పాఠశాల ప్రవేశమునకు జనన ధ్రువపత్రమే ప్రమాణము. అందొక విధముగను, ఆధారులో మరొక విధముగను ఉండినచో పదవ తరగతి నాటికి చిక్కులు తప్పవు. కన్నడమునను ఆంగ్లమునను అక్షరములు సరిగా పడినవో లేదో నాడే చదివి చూచుకొనుడు.

ఉపాధ్యాయులకును ఒక మాట. హాజరు పిలుచునపుడు పిల్లవాని పేరును పూర్తిగా, గౌరవముగా పలుకుడు. గురువు పలికిన తీరుననే తోడి పిల్లలును పలుకుదురు. తరగతిలో ఎవరైన నవ్వినచో గద్దింపకుడు. నంది తిమ్మన కథ చెప్పుడు, తిమ్మరుసు కథ చెప్పుడు, రాయచూరు కోటను చూపుడు. ఆ పిదప ఆ బాలుడు తన పేరును తానే గట్టిగా చెప్పుకొనును.