30 రోజుల మనిషి - మోర్గన్ స్పర్లాక్

ఇవాళ మోర్గన్ స్పర్లాక్ గురించి మాట్లాడుకుందాం. పేరు గుర్తు రాకపోయినా, నెల రోజులు మూడు పూటలా మెక్‌డొనాల్డ్స్ తిండే తిని సినిమా తీసినాయన అంటే చాలామందికి తెలుస్తుంది.

డాక్యుమెంటరీ అంటే కెమెరా వెనక నుంచుని ఇంకొకళ్ళ కథ చెప్పడం కదా. ఈయన తన ఒంటినే కథ చేసేశాడు. అంతకుముందు ఎమ్‌టీవీలో జనానికి డబ్బాశ చూపించి వెర్రి పందాలు ఆడించే షో ఒకటి చేశాడు. ఆ పందెం బుద్ధే సినిమాలోకీ వచ్చిందని నా అనుమానం. సుమారు 65 వేల డాలర్లతో తీసిన 'సూపర్ సైజ్ మీ' 2004లో సన్‌డాన్స్‌లో దర్శకత్వ బహుమతి గెలిచి, ఆస్కార్ నామినేషన్ దాకా వెళ్ళింది. నెలలో 11 కిలోల బరువు పెరిగాడు. లివరు చూసి డాక్టర్లు కంగారుపడ్డారు, తాగేవాళ్ళ లివరుతో పోల్చారు. మా అబ్బాయి బర్గర్ అడిగినప్పుడల్లా నేను చెప్పింది ఆ లివరు కథే.

తర్వాత ఎఫ్‌ఎక్స్ చానల్లో '30 డేస్' అనే రియాలిటీ షో, 2005 నుంచి 2008 దాకా. నాకు సినిమాకన్నా ఇదే ఎక్కువ నచ్చుతుంది. మొదటి ఎపిసోడ్‌లో కాబోయే భార్యతో కలిసి ఒహాయోలో కనీస వేతనంతో నెల గడపబోయాడు. ఆసుపత్రి బిల్లులొచ్చేసరికి లెక్కంతా తలకిందులైంది. ఇంకోదాంట్లో, అవుట్‌సోర్సింగ్ వల్ల ఉద్యోగం పోయిన అమెరికన్ ప్రోగ్రామర్ని మన బెంగళూరు పంపి, అక్కడి కుటుంబంతో ఉంచారు. మన ఇళ్ళల్లో ఇలాంటి ఉద్యోగాలు చేసేవాళ్ళు ఎంతమందో! తప్పక చూడండి.

ఇక 2017 డిసెంబరు. మీటూ రోజుల్లో తనే ఒక ఉత్తరం రాసి బయటపెట్టాడు. కాలేజీ రోజుల్లో ఒకమ్మాయి తనమీద అత్యాచార ఆరోపణ చేసిందనీ, తన దగ్గర పనిచేసిన ఒకామె వేధింపుల ఫిర్యాదును డబ్బిచ్చి సర్దుబాటు చేసుకున్నాననీ ఒప్పుకున్నాడు. సొంత కంపెనీలోంచి తప్పుకున్నాడు. అసలు కెరీర్ అక్కడితో అయిపోయినట్టే. అదే ఉత్తరంలో ఇంకో మాట: 13వ ఏట నుంచీ తాగుతున్నాననీ, 30 ఏళ్ళలో వారం రోజులకు మించి మానలేదనీ.

మరి సినిమాలో ఆ లివరు? ఇప్పుడు తాగడంలేదని అందులో డాక్టరుకి చెప్తాడు కదా! ఫాస్ట్‌ఫుడ్ మంచిదైపోయిందని కాదండీ. కానీ ఆయన చూపించిన సాక్ష్యం ఒకే ఒక్క ఒళ్ళు. ఆ ఒంటి సంగతే సగం దాచాడు.

2024 మే 23న క్యాన్సర్‌తో పోయాడు, 53 ఏళ్ళకే. ఆ వార్త చదివి మా అబ్బాయి, "అయితే నువ్వు చెప్పిందంతా అబద్ధమేనా నాన్నా?" అన్నాడు.

"అంతా కాదురా, లివరు సంగతి మాత్రం తీసెయ్" అన్నాను.

ఉంటానండీ. వచ్చే ఎపిసోడ్‌లో కలుద్దాం.