ఊళ్ళను మోయు పేర్లు
(అరబ్బీ నామములలోని స్థలనామములను గూర్చిన ప్రసంగ పాఠము)



మన ఇంటిపేర్లలో ఊళ్ళపేర్లు పెక్కు గలవు. బెజవాడవారు, వేములవాడవారు, కొండవీటివారు అని నిత్యము వినుచునే యున్నాము. బెజవాడలో నున్న వారినందరిని బెజవాడవారని పిలిచినచో ప్రయోజనమేమి? ఆ ఊరు విడిచి మరియొక చోటు చేరిననాడే ఆ పేరు అక్కఱకు వచ్చును. అరబ్బీ భాషలో ఈ పద్ధతి ఒక శాస్త్రముగనే పెరిగినది. నేటి ప్రసంగమునకు అదియే విషయము.

పూర్వపు అరబ్బులకు మనవలె ఇంటిపేరు లేదు. మనిషికొక పేరు, దాని వెనుక తండ్రిపేరు, తాతపేరు చెప్పుకొనుచుండిరి. అహమ్మదు, మహమ్మదు, అలీ అనువారు ప్రతి పట్టణమునను వందలకొలది యుందురు గదా! గుర్తు కొఱకు చివర తెగనో, వృత్తినో, ఊరినో తెలుపు మాట నొకదానిని చేర్చిరి. దానికి 'నిస్బా' యని పేరు, సంబంధమని అర్థము. స్థలనామము చివర 'ఈ' చేర్చిన చాలును. బాగ్దాదు వాడు బగ్దాదీ, మిస్ర్ అనగా ఈజిప్టు, అచటివాడు మిస్రీ, హిందూదేశపువాడు హిందీ. స్త్రీయైనచో మిస్రియ్యా యగును. ముందు 'అల్' అను మాట చేరును. ఇంతవరకు సులభమే. కాని రయ్ పట్టణమువాడు రాజీ యనియు, మర్వ్ పట్టణమువాడు మర్వజీ యనియు పిలువబడును. ఇట్టివి సూత్రమునకు లొంగవు, కంఠస్థము చేయవలసినవే.

ఈ పేర్లకింత ప్రాధాన్యము వచ్చుటకు హదీసు విద్య ముఖ్యకారణము. ప్రవక్త పలుకును ఎవరు ఎవరి నోట వినిరో ఆ వరుస యంతయు చెప్పినగాని పలుకు చెల్లదు. ఒకే పేరుగల ఇరువురిలో ఒకడు నమ్మదగినవాడు, రెండవవాడు కానివాడు అయినచో ఏమి గతి? ఒకే పేరుగల ఇద్దరు రైతుల పట్టాలు లెక్కలలో కలిసిపోయిన ఎంత తగవు పుట్టునో ఎరిగినవారికి ఈ జాగ్రత్త వింతగా తోచదు. మర్వ్ పట్టణపు పండితుడు సమ్ఆనీ (1113–1166) ఇట్టి నిస్బాలను అక్షరక్రమమున కూర్చి 'కితాబ్ అల్ అన్సాబ్' అను మహాగ్రంథమును రచించెను.

సున్నీలు ప్రమాణముగా గైకొను ఆరు హదీసు సంపుటములను కూర్చినవారి నిస్బాలను చూడుడు: బుఖారీ, నీషాపూరీ, తిర్మిజీ, సిజిస్తానీ, నసాయీ, కజ్వీనీ. వీనిలో ఒక్క చోటును అరేబియాలో లేదు! బుఖారా, తిర్మిజ్ నేటి ఉజ్బెకిస్తానులోనివి. నసా తుర్క్‌మెనిస్తానులోనిది. నీషాపూరు, కజ్వీను ఇరానులోనివి. సిజిస్తాను ఇరాను, ఆఫ్గనిస్తానుల సరిహద్దు సీమ. అరబ్బీ విద్యను పెంచినవారిలో అరబ్బులు కానివారెందరో ఈ పేర్లే చెప్పుచున్నవి.

అయినను నిస్బాను చూచి పుట్టినయూరు నిర్ణయించుట తొందరపాటు. హసన్ అల్ బస్రీ (642–728) పుట్టినది మదీనాలో, పేరువడసినది బస్రాలో. 1207లో బల్ఖు సీమవారికి పుట్టిన జలాలుద్దీను కవి, తూర్పు రోమనులేలినందున 'రూమ్' అని పేరుబడిన అనతోలియాలో స్థిరపడి రూమీ యయ్యెను. ఆఫ్గనులు ఆయనను నేటికిని బల్ఖీ యనియే పిలుతురు. వారి పట్టుదల న్యాయమైనదే. ఊరు మారినవాడు రెండు నిస్బాలను వ్రాసికొని, నడుమ 'సుమ్మ' అను మాట పెట్టుటయు కలదు. 'పిమ్మట' అని దాని యర్థము. "అల్ మిస్రీ, సుమ్మ అల్ దిమష్కీ" అనగా మొదట ఈజిప్టువాడు, పిమ్మట డమాస్కసువాడు. ఒక బ్రతుకులోని వలసయంతయు ఆ చిన్న మాటలో ఇమిడియున్నది. ఒక ఊరిలో నాలుగేండ్లు కాపురమున్నవాడు ఆ ఊరివాడేయని కొందరు పండితుల మతము.

యాకూత్ అల్ హమవీ (1179–1229) కథ వీనియన్నిటికంటె విచిత్రమైనది. ఆయన గ్రీకుజాతి బాలుడు; చిన్ననాడే చెఱపడి బాగ్దాదులో అమ్ముడుపోయెను. కొన్న వర్తకుడు సిరియాలోని హమా పట్టణమువాడు. యజమానికి చదువు రాదు; లెక్కలు వ్రాయుటకై బానిసకు చదువు చెప్పించెను. యజమానియూరే బానిసకు నిస్బా యయ్యెను! పిమ్మట విముక్తి పొంది, పుస్తకములు నకలు వ్రాసి అమ్ముకొనుచు దేశములు తిరిగెను. మర్వ్ పట్టణమున పది గ్రంథాలయములుండెననియు, ఇన్నూరు సంపుటముల వఱకు తన బసలో నుండెడివనియు, వానిలో పెక్కింటికి ధరావతు కట్టనక్కరలేక పోయెననియు ఆయన వ్రాసికొనెను. నేటి చందాదారులు ఈ మాటను వినదగును. అచ్చటి నుండి మంగోలుల భయముచే ఆయన పారిపోవలసి వచ్చెను. 1221లో మర్వ్ నేలమట్టమయ్యెను. ఆ గ్రంథాలయములలో ఏరిన విషయములతో ఆయన రచించిన 'ముఅజమ్ అల్ బుల్దాన్' అను స్థలనామకోశము మాత్రము నిలిచినది. ఊరిపేరు చెప్పి, ఆ ఊరి నిస్బా ధరించిన విద్వాంసులెవరో ఆయన అందు పేర్కొనుచు పోయెను. మర్వజీలు నేటికిని పుస్తకములలో గలరు. నాటి మర్వ్ మాత్రము మట్టిదిబ్బలు. కొర్దోవా నగరము 1236లో స్పెయిను రాజుల వశమైనది. ఆ నగరమును వీడి ఈజిప్టు చేరి 1273లో మరణించిన వ్యాఖ్యాత ఖుర్తుబీ పేరును అట్టిదియే. ఖుర్తుబా యనగా కొర్దోవాయే.

ఈ నిస్బా హిందూదేశపు ఊళ్ళకును అంటినది. ఉత్తరప్రదేశములోని బిల్‌గ్రాము సయ్యదులు తమ పూర్వులు ఇరాకులోని వాసిత్ నుండి వచ్చినవారని చెప్పుకొందురు. పదునెనిమిదవ శతాబ్ది కవి ఆజాద్ (1704–1786) వాసితీ యనియు, బిల్‌గ్రామీ యనియు రెండును ధరించి, ఔరంగాబాదు దాపున ఖుల్దాబాదులో సమాధిగతుడయ్యెను. ఆ బిల్‌గ్రామీలలోనివారే సయ్యద్ హుసేన్ బిల్‌గ్రామీ. 1891లో హైదరాబాదున ఆసఫియా గ్రంథాలయమును నెలకొల్పినది ఆయనయే. అఫ్జల్‌గంజులో మూసీనది ఒడ్డున నేడు రాష్ట్ర కేంద్ర గ్రంథాలయముగా నిలిచియున్నది అదియే.