డప్పు ఎవరి కోసం కొడుతున్నాం?

(లక్డీకాపూల్‌లో డప్పు కళాకారులు, కార్యకర్తల సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



కాసేపట్లో మనం డప్పులు కాగబెట్టుకొని రోడ్డెక్కుతాం. ఇక్కడికి దగ్గర్లోనే రవీంద్రభారతి, ఆ పక్కన అసెంబ్లీ. రవీంద్రభారతి స్టేజీ మీద మన డప్పును జానపద కళ అంటారు, చప్పట్లు కొడతారు. అదే డప్పు వంద మందిమి పట్టుకొని అసెంబ్లీ దిక్కు నడిస్తే ట్రాఫిక్‌కు అడ్డం అంటారు. కొట్టే చెయ్యి అదే, దెబ్బ అదే. అక్కడ పిలిస్తే పోయినం, ఇక్కడ మనంతట మనమే వచ్చినం. తేడా అంతే!

ఊర్లల్లో మన తాతలు పీనుగు లేస్తే కొట్టిన్రు, జాతరకు కొట్టిన్రు, దొర హుకుం చాటిన్రు. గొంతు మనదే, మాట మాత్రం మనది కాదు. డప్పుంటే ఊరి నడిమికి రానిచ్చిన్రు. డప్పు లేకుంటే చెప్పులు చేత పట్టుకొని నడవమన్నరు.

1994 జూలై 7న ప్రకాశం జిల్లా ఈదుమూడిలో పుట్టిన మాదిగల ఉద్యమం ఆ చాటింపు పేరునే దండోరా అని తలకెత్తుకుంది. దొర మాట చాటిన డప్పుతోనే మన వాటా అడిగినం. 2004 నవంబర్ 5న సుప్రీంకోర్టు వర్గీకరణ చట్టాన్ని కొట్టేసింది. కొట్టిందే ఎన్నాళ్లు కొడతరని నవ్విన్రు. తోలు చల్లబడితే మళ్లీ మంట కాడికి తెచ్చినం, మళ్లీ కొట్టినం. 2024 ఆగస్టు 1న అదే కోర్టులో ఏడుగురు జడ్జీల ధర్మాసనం వర్గీకరణ చేసుకోవచ్చని తీర్పు చెప్పింది. 2025 ఏప్రిల్ 14న తెలంగాణలో చట్టం అమలుకొచ్చింది. డప్పొక్కటే దాన్ని తేలేదు. కానీ మధ్య ఇరవై ఏండ్లు జనాన్ని వాడల నుంచి లేపి రోడ్డు మీద నిలబెట్టింది డప్పే.

కుడిచేతి సిర్ర దెబ్బ వేస్తుంది, ఎడమచేతి చిటికెన పుల్ల సందు నింపుతుంది. ఒకరు తప్పితే పక్కవారి దెబ్బ పట్టుకొని మళ్లీ వరుసలో కలుస్తారు. సంఘం కూడా అట్లనే నడవాలె.

ఒక మాట దాచకుండా చెప్పుకుందాం. ఇయ్యాల నాయకుల కార్ల ముందర మనమే ఎండలో కొడుతున్నం. స్టేజీ ఎక్కేది వాళ్లు, చెట్టు కింద కూర్చొని కూలి కోసం చూసేది మనం. గడి ముందర కొట్టినదానికి, దీనికి తేడా ఏంది? మన ఇండ్లల్లోనే ఆడపిల్ల డప్పు ముట్టుకుంటే గదమాయించే మగవాళ్లం ఉన్నం. మనల్ని ముట్టనియ్యనోని బుద్ధి మనకెందుకు?

అందుకే మన సభల్లో డప్పు కొట్టినవారికి మైకు కూడా ఇద్దాం. కూలికి పోతే కూలి ముందే తేల్చుకుందాం. ప్రతి జట్టులో ఆడపిల్లలకు డప్పు నేర్పుదాం.

మంట రాజుకుంది. లేవండి, డప్పులు కాపుదాం.

జై భీమ్!