నిరూపణకు ముందే శిక్ష

అల్లాహ్‌ను స్తుతించి, ఆయన అంతిమ ప్రవక్త (స)పై దరూద్ పంపి ప్రారంభిస్తున్నాను.

ధార్మిక సోదరులారా! మదీనాలో ఒక ఇంట కవచం దొంగతనానికి గురైంది. దొంగ ముస్లింగా చెప్పుకునేవాడు. అతడు ఆ నిందను ఒక యూదునిపై మోపాడు. బంధువులు దైవప్రవక్త (స) సన్నిధికి వచ్చి తమవాని పక్షాన వాదించారు. అప్పుడు అవతరించిన అన్‌నిసా సూరా ఆయతులు యూదుని నిర్దోషిత్వాన్ని వెల్లడించి, ద్రోహులకు వత్తాసు పలకరాదని హెచ్చరించాయని వ్యాఖ్యాతలు వివరించారు. నిందితుడు మనవాడా, పరాయివాడా అన్నది న్యాయానికి కొలబద్ద కాదు.

ఆ కొలబద్దతోనే మన కాలాన్ని పరిశీలిద్దాం. 2007 మే 18, జుమా నాడు మన నగరంలోని మక్కా మసీదులో బాంబు పేలి నమాజీలు ప్రాణాలు కోల్పోయారు. నమాజీలనైనా, మరెవరినైనా ఇలా చంపడం ఘోరపాపం. అయితే ఆ పిమ్మట ఎందరో ముస్లిం యువకులు అనుమానంతో నిర్బంధానికి గురై, చివరకు నిర్దోషులుగా బయటపడ్డారు. ప్రభుత్వం 70 మందికి పరిహారం ప్రకటించగా, 2013లో హైకోర్టు ఆ ఉత్తర్వును రద్దుచేసింది. పేలుడు కేసులో విచారణ ఎదుర్కొన్న ఐదుగురినీ 2018 ఏప్రిల్ 16న న్యాయస్థానం విడుదల చేసింది. యువకుల యౌవనమూ పోయింది, మృతులకు న్యాయమూ దక్కలేదు.

సాధారణ చట్టం ప్రకారం 60 లేక 90 రోజులలో అభియోగపత్రం దాఖలు కాకుంటే నిందితునికి బెయిలు హక్కు లభిస్తుంది. ఉపా చట్టం ఆ గడువును 180 రోజుల వరకు పొడిగించనిస్తుంది. ఉగ్రవాద ఆరోపణ పైకి నిజమనిపిస్తే చాలు, బెయిలు ఇవ్వరాదంటుంది. అప్పుడు విచారణే శిక్ష అవుతుంది.

అమలాపురంలో జన్మించిన ఆచార్య జి.ఎన్. సాయిబాబా చక్రాల కుర్చీలో జీవించిన మనిషి. 2014లో ఈ చట్టం కిందనే అరెస్టయ్యారు. 2024 మార్చి 5న బొంబాయి హైకోర్టు ఆయనను నిర్దోషిగా ప్రకటించింది. అదే ఏడాది అక్టోబరు 12న మన నిమ్స్ ఆసుపత్రిలో మరణించారు. ఆయన మన మతస్థుడు కారు. అందుచేత ఆయన కోసం మన గొంతు మూగబోయిందా? అలాగైతే మనం కోరుతున్నది న్యాయం కాదు, పక్షపాతం.

తార్నాక నుండి, ఉస్మానియా వసతిగృహాల నుండి వచ్చిన విద్యార్థులారా! నిర్ధారించుకోని వార్తను ఫోనులో పంచకండి. అరెస్టయిన వ్యక్తిని 24 గంటలలోగా మేజిస్ట్రేటు ముందు హాజరుపరచాలని, అతనికి న్యాయవాది సహాయం పొందే హక్కుందని రాజ్యాంగంలోని 22వ అధికరణం చెబుతోంది. అది తెలుసుకోండి, పదిమందికీ తెలపండి. నిందితుని తల్లిని, భార్యాబిడ్డలను వెలివేయకండి. వారి తలుపు తట్టి క్షేమం విచారించండి.

యా అల్లాహ్! నిర్దోషులకు విముక్తినీ, బాధితులకు న్యాయాన్నీ, పాలకులకు వివేకాన్నీ ప్రసాదించు. ఆమీన్.