మళ్ళీ కట్టిన ముఖాలు

మొదటి ప్రపంచ యుద్ధంలో కందకంలోంచి తల పైకెత్తిన సైనికుడికి తూటానో, బాంబు ముక్కో ముందు తగిలేది ముఖానికే. దవడలు, ముక్కులు పోయి బతికి బయటపడ్డవాళ్ళు వేలమంది. వాళ్ళ కోసం 1917లో లండన్ దగ్గర సిడ్‌కప్‌లో క్వీన్స్ హాస్పిటల్ తెరిచారు. న్యూజిలాండ్‌లో పుట్టిన సర్జన్ హెరాల్డ్ గిల్లీస్ అక్కడ పెద్ద దిక్కు.

ఆయన ఉపాయం వినండి. ఛాతీ మీదో భుజం మీదో చర్మాన్ని పట్టీలా లేపి, ఒక కొస ఒంటికే ఉంచి, అంచులు కలిపి గొట్టంలా కుట్టేవారు. రెండో కొసను ముఖానికి అతికేవారు. లోపల రక్తం పారుతూనే ఉంటుంది. పచ్చిపుండు బయటికి కనబడదు గనక చీము పట్టే భయం తక్కువ. పెన్సిలిన్ లేని కాలం మరి! కొత్తచోట రక్తనాళాలు కుదురుకున్నాక గొట్టాన్ని కోసేవారు. ముఖం పూర్తయ్యేసరికి నెలలు, ఒక్కోసారి ఏళ్ళు పట్టేది.

ముఖం మారుతున్న తీరును గిల్లీస్ దశలవారీగా ఫొటోలు తీయించారు. సర్జరీ చదివిన చిత్రకారుడు హెన్రీ టాంక్స్ పాస్టెల్ బొమ్మలు గీశారు. నన్నడిగితే, నలుపు తెలుపు ఫొటో చెప్పలేని గాయం రంగు వాటిలోనే తెలుస్తుంది.

ఇలాంటి సైనికుల కదిలే బొమ్మా ఉంది. 1918లో పారిస్‌లో రెడ్ క్రాస్ తీయించిన మూకీలో, శిల్పి ఆనా కోల్‌మన్ లాడ్ గాయపడ్డ సైనికులకు సన్నని రాగి ముసుగులు తొడిగి, ఒంటిరంగుకు సరిపోయేలా కుంచెతో దిద్దుతారు.