బందరు కోటలో రాళ్లు చదవడం: ఎపిసోడ్ పూర్తి పాఠం

ముందే ఒక మాట చెప్పేస్తాను. థంబ్‌నెయిల్‌లో సమాధులు కనిపించాయి కదా అని దెయ్యాల వీడియో అనుకుని వచ్చినవాళ్లుంటే, సారీ. ఇందులో దెయ్యాల్లేవు. మిట్టమధ్యాహ్నం కూడా కాదు, పొద్దున్నే ఏడింటికి వెళ్లాం. ఎందుకు పొద్దున్నే అనేది తర్వాత చెప్తాను, అది పనికొచ్చే విషయం.

నాది పామర్రు. బందరు మాకు బస్సెక్కితే గంటలోపు. చిన్నప్పటి నుంచి ఎన్నిసార్లు వెళ్లానో లెక్కలేదు. బీచ్‌కి వెళ్లాం, లడ్డూలు కొనుక్కొచ్చాం. కానీ బందరు కోట దగ్గర డచ్చివాళ్ల శ్మశానం ఉందని, అది కేంద్ర పురావస్తు శాఖ కాపాడే కట్టడమని నాకు మొన్నమొన్నటి దాకా తెలీదు. ఒక ఫ్రెండ్ చెప్పాడు, హిస్టరీ చెప్పి రిటైరైన మాస్టారు ఒకాయన కుర్రాళ్లని వెంటబెట్టుకుని నడిపించి చూపిస్తారు అని. తొమ్మిదిమందిమి పోగయ్యాం.

మాస్టారు గేటు దగ్గరే రెండు షరతులు పెట్టారు. పలకల మీద ఎక్కకూడదు. అక్షరాలు కనపడట్లేదని సుద్దముక్కతో, పౌడరుతో రుద్దకూడదు. రుద్దితే ఫొటో బాగానే వస్తుంది, రాయి పోతుంది. ఇలాంటి కట్టడాన్ని పాడుచేస్తే చట్టప్రకారం రెండేళ్ల దాకా జైలు కూడా ఉంది. 'మరి ఎలా చదవాలి మాస్టారూ' అంటే, 'నీ జేబులో ఉందిగా' అన్నారు. ఫోన్ టార్చ్. రాయికి ఎదురుగా కాదు, పక్కనుంచి, దాదాపు నేలకి ఆనించి వెలుగు పెట్టాలి. ఈ సమాధుల మీద అక్షరాలు లోపలికి చెక్కినవి కావు, పైకి ఉబ్బి ఉంటాయి. ఏటవాలు వెలుగు పడితే ప్రతి అక్షరానికీ నీడ వస్తుంది. పొద్దున్న, సాయంత్రం ఎండ కూడా ఏటవాలే కదా, అందుకే ఏడింటికి రమ్మన్నారు. నేను నాలుగు రాళ్ల మీద చేసి చూశాను. నిజంగా, నున్నటి రాయి మీద ఉన్నట్టుండి పేరు లేచి నిలబడుతుంది.

సరే, హాలండ్ నుంచి వీళ్లు ఇంతదూరం ఎందుకొచ్చారు? బందరు అంటేనే రేవు. అప్పట్లో గోల్కొండ రాజ్యానికి పెద్ద రేవు ఇదే. డచ్చి ఈస్టిండియా కంపెనీ 1602లో పుట్టింది, 1605లో వాళ్లు ఇక్కడికి వచ్చారు, మరుసటి ఏడాదే వ్యాపారానికి అనుమతి సంపాదించారు. అప్పుడు గోల్కొండ సుల్తాను ఎవరో తెలుసా? చార్మినార్ కట్టించిన మహమ్మద్ కులీ కుతుబ్ షానే. ఇంగ్లీషువాళ్లు వచ్చింది 1611లో, వీళ్ల తర్వాత.

వాళ్లకి కావలసింది మన బట్ట. కాస్త వింతగా ఉంటుంది వినండి. డచ్చివాళ్లకి అసలు యావ లవంగాలు, జాజికాయల మీద. అవి ఇప్పటి ఇండోనేషియా దీవుల్లో దొరుకుతాయి. ఆ దీవుల్లోవాళ్లు వాటికి బదులుగా అడిగేది మన తీరం అద్దకం బట్టలు. అంటే లవంగం కొనాలంటే ముందు బందరు రావాలి. మన చిరువేరుతో అద్దిన ఎరుపుకి అక్కడ అంత గిరాకీ. పక్కనే పెడనలో కలంకారీ అచ్చులు ఇప్పటికీ కొడుతున్నారు.

సమాధుల్లోకి వద్దాం. చాలా పలకల మీద పైన ఇంటిచిహ్నం, అంచుల చుట్టూ లతలు, మధ్యలో డచ్చి భాషలో రాత. ఈ రాతలకి ఒక మామూలు మొదలు ఉంటుందట, 'ఇక్కడ పాతిపెట్టబడి ఉన్నది' అని. తర్వాత పేరు, పేరు పక్కన హోదా. 'కోప్‌మన్' అంటే వర్తకుడు. అతనికి కింద ఒక వర్తకుడు, పైన ఒక వర్తకుడు. చచ్చిపోయాక కూడా డిజిగ్నేషన్! అక్కడ మేమంతా నవ్వాం. మాస్టారు నవ్వలేదు. 'ఈ అక్షరాలు చెక్కింది ఎవరనుకుంటున్నారు?' అని అడిగారు.

మన రాతిపనివాళ్లే. వాళ్లకి డచ్చి రాదు. కాగితం మీద రాసిచ్చిన గీతల్ని చూసి, చుట్టూ రాయి తొలిచి, అక్షరం పైకి తేల్చారు. తమకి చదవడం రాని పేర్లు. ఆ పేర్లు నాలుగొందల ఏళ్లు నిలబడ్డాయి, చెక్కినవాళ్ల పేరు ఒక్కటి కూడా మనకి దక్కలేదు.

ఈ రాళ్లని అలెగ్జాండర్ రే అనే పురావస్తు అధికారి కొలతలు తీసి, బొమ్మలు గీయించి 1897లో పుస్తకం వేశాడు. బందరు, పులికాట్, సద్రాస్, భీమిలి, అన్నీ అందులో ఉన్నాయి. అంతకు రెండొందల ఏళ్ల ముందు, 1693లో, ఇక్కడ కంపెనీలో పనిచేసి వెళ్లిన డేనియల్ హవార్ట్ అనే ఆయన ఈ తీరంలోని డచ్చివాళ్ల గురించి ఒక పెద్ద పుస్తకం అచ్చేశాడు. అంటే వీళ్లకి రాయీ ఉంది, పుస్తకమూ ఉంది.

లేనివాళ్ల సంగతి మాస్టారు ఒక మూల, నీడలో కూర్చోబెట్టి చెప్పారు. డచ్చివాళ్లు ఈ తీరం నుంచి ఒక్క బట్టలే తీసుకెళ్లలేదు. మనుషుల్ని కూడా తీసుకెళ్లారు. కరువొచ్చిన ఏళ్లలో బియ్యం కోసం జనం పిల్లల్ని అమ్ముకున్నారు, తమని తాము అమ్ముకున్నారు. 1659 నుంచి 61 దాకా ఒక కరువు, 1687లో ఇంకొకటి. ఓడలెక్కించి బటావియాకి, అంటే ఇప్పటి జకార్తాకి, సిలోనుకి, ఆఫ్రికా చివర కేప్‌కి పంపేశారు. కేప్ రికార్డుల్లో అలాంటివాళ్ల పేరు పక్కన 'వాన్ కరమండల్' అని ఉంటుంది, కోరమాండల్ మనిషి అని. తల్లిదండ్రులు పెట్టిన పేరు పోయి, తీరం పేరు మిగిలింది.

తర్వాత 1864. నవంబరు 1 రాత్రి ఉప్పెన వచ్చి బందరుని ముంచేసింది. ముప్పై వేలమంది పోయారని లెక్క. మా ఇళ్లలో దివిసీమ ఉప్పెన మాట, అదే 1977 నవంబరు 19, ఇప్పటికీ వస్తుంటుంది. కానీ దానికి నూటపదమూడేళ్ల ముందు కూడా అలాంటిది వచ్చిందని నాకు ఆ రోజే తెలిసింది. ఆ ముప్పై వేలమందిలో పేరు చెక్కిన రాయి ఎందరికుంటుంది చెప్పండి.

సెయింట్ మేరీస్ చర్చికి కూడా వెళ్లాం. అరబెల్లా రాబిన్సన్ కథ, 1809లో చనిపోయిన అమ్మాయి, ఆమె కోసం గుడి కట్టించిన మేజర్ జనరల్ జాన్ పేటర్. దాని మీద బోలెడు వీడియోలున్నాయి, నేను మళ్లీ చెప్పను. అద్దాల పెట్టె సంగతి అడగొద్దు ప్లీజ్.

ఇప్పుడు ఈ ఎపిసోడ్ ఎందుకు చేస్తున్నానో చెప్పాలి. తిరిగొచ్చేటప్పుడు బస్సులో నాకు ఒకటే ఆలోచన. హాలండ్ నుంచి వచ్చిన వర్తకుడి సమాధి ముందు టార్చ్ పట్టుకుని అరగంట కూర్చున్నాను. మా తాత సమాధి ఎక్కడుందో నాకు తెలీదు. మా నాన్నకీ తెలీదు.

మా పేటవాళ్లని పూడ్చేది కాలువ గట్టు పక్కన. స్థలం ఉన్నదే కొంచెం, దాంట్లోనే పాతవాళ్ల మీద కొత్తవాళ్లు. తుమ్మకర్రతో శిలువ చేసి పాతుతారు, రెండు వానాకాలాలకి అది పుచ్చిపోతుంది. మధ్యలో గట్టు ఎత్తు పెంచినప్పుడు పొక్లెయిన్ వచ్చి మట్టి అటూ ఇటూ చేసింది. గుర్తుగా ఉన్న తాడిచెట్టు కూడా పోయింది. ఈస్టర్ నాడు తెల్లారుజామున అందరూ ఎవరి సమాధి దగ్గర వాళ్లు కొవ్వొత్తులు వెలిగిస్తుంటే, మేము గట్టు మొదట్లో ఒకటి పెట్టేసి వచ్చేస్తాం.

ఆ రాత్రి అన్నం దగ్గర నానమ్మని అడిగాను. 'తాతని ఎక్కడ పెట్టారే?' అని. ఆవిడ ఏమాత్రం ఆలోచించలేదు. 'తూము దగ్గర్నించి నలభైరెండు అడుగులు, కాలువెంట దిగువకి. ఆ రోజు లెక్కెట్టుకున్నాను' అంది. నాన్న ముద్ద చేతిలో పట్టుకుని అలాగే ఉండిపోయాడు. 'ఇన్నేళ్లూ చెప్పలేదేంటమ్మా?' అన్నాడు. 'ఎవరడిగారు నన్ను?' అంది.

మర్నాడు పొద్దున్నే ఆటోలో తీసుకెళ్లాం. తూము అక్కడే ఉంది. నేను గబగబా నలభైరెండు అడుగులు వేసి నిలబడ్డాను. నానమ్మ దూరం నుంచి అరిచింది, 'నీ అడుగులు కాదురా, నా అడుగులు' అని. నాన్న చెయ్యి పట్టుకుని తనే నడిచింది. ఇరవైల్లో ఒకసారి ఆగింది. 'అప్పటి అడుగు ఇంతుండదు, పెద్దదే' అని తనలో తనే అనుకుని, లెక్క అయ్యాక ఇంకో మూడు వేసింది. అక్కడ గడ్డి తప్ప ఏమీ లేదు. నేను ఫోన్ తీసి ఆ చోటుకి పిన్ పెట్టి, తాత పేరు టైప్ చేశాను. తాత పూర్తి పేరు ఇంటిపేరుతో సహా రాయడం నాకదే మొదటిసారి. నానమ్మ 'చూపించు' అంది. చదవడం రాదు ఆవిడకి. స్క్రీన్ మీద వేలు పెట్టి, 'ఇదేనా ఆయన పేరు?' అని అడిగింది.